చెయ్యి ఇక్కడ, బండి అక్కడ

మా వైపు ఇంజను స్టార్టు చెయ్యడాన్ని "చాలు చెయ్యడం" అంటారు. వెనుక ఒకసారి గుంటూరునుంచి వచ్చిన మిత్రుడొకాయన మా వాకిట్లో కూచుని ఉండగా, ప్రక్క చేలోనుంచి ఎవరో "మోటరు చాలు చెయ్యిండ్రీ!" అని కేక వేశారు. ఆయన తెల్లబోయి, "ఇంకా నీళ్లే రాలేదు, అప్పుడే చాలంటారేమండీ?" అని నన్నడిగారు. ఉర్దూలోని 'చాలూ' మా నోళ్లలో పడి 'చాలు' అయిందనీ, ఆయన ఎరిగిన చాలు వేరు, నాగటి చాలు వేరు, ఇది వేరనీ చెబితే చాలాసేపు నవ్వుకున్నారు.

తెలుగు పాఠాలు చెప్పుకునేవాణ్ణి గనుక ఇటువంటి మాట దొరికితే ఒకంతట వదలను. కాని ఈ వారం చెప్పదలచుకున్నది మాటను గురించి కాదు, పనిని గురించి. బండి దగ్గరికి పోకుండా, బండివంక చూడకుండా, ఇంట్లో మంచంమీద కూచుని బొత్తాము నొక్కి బండిని చాలు చేసే విద్య ఒకటి మా హుస్నాబాదు దాకా వచ్చింది. దాన్ని రిమోట్ స్టార్ట్ అంటున్నారు. ఆ విద్య మా అక్కవాళ్ల వాకిట్లో చేసిన పని చూసినప్పటినుంచి, దాన్ని గురించి నలుగురికీ చెప్పాలని మనసులో ఉన్నది.

హుస్నాబాదు 2016 అక్టోబరు దాకా కరీంనగరు జిల్లాలో ఉండేది. జిల్లాలు విడదీసిన తరువాత సిద్దిపేట జిల్లాలోకి వచ్చింది. మెట్ట ప్రాంతం. వాన పడి చెరువు నిండితే సరి, లేకుంటే బోరుబావే దిక్కు. పత్తీ, మొక్కజొన్నా, నీళ్లున్నచోట వరీ పండిస్తారు. ఒకప్పుడు ఆ పంటంతా ఎడ్లబండ్లమీద అంగడికి వచ్చేది. ఇప్పుడు చిన్న లారీలమీద వస్తున్నది.

ఈ చిన్న లారీల పేర్లూ చిత్రమైనవే. 1980ల్లో డీసీఎం అనే ఢిల్లీ కంపెనీ, జపాను టొయోటాతో కలిసి ఒక బండి తయారు చేసింది. ఆ ఉమ్మడి కంపెనీ పోయి ఎన్నాళ్లో అయింది. అయినా ఆ పరిమాణంలో ఎవరి బండి కనబడినా మావాళ్లకు అది 'డీసీఎమ్మే'. 2005లో టాటావారి ఏస్ వచ్చింది. ఉత్తరాదివారు దానికి చిన్న ఏనుగని పేరు పెట్టుకున్నారు. ఇక ముందు ఇద్దరు ముగ్గురు కూచునే గది, వెనుక సామాను వేసుకునే తొట్టీ ఉన్న బండిని కంపెనీలవారు 'పికప్' అంటారు. మావాళ్లు మాత్రం 'ట్రాలీ' అంటారు. అమెరికావాళ్లు ఆ జాతి బండినే పికప్ ట్రక్కు అంటారు. అక్కడ అది సామాను మోసే బండి మాత్రమే కాదు, ఇంటిల్లిపాదీ ఎక్కి తిరిగే వాహనం కూడా.

మా అక్క కొడుకుకు అటువంటి ట్రాలీ ఒకటున్నది. పాతదే కొన్నాడు. సీజనులో పత్తి బస్తాలు, పెళ్లిళ్ల రోజుల్లో వంటపాత్రలు, షామియానాలు, సంక్రాంతికి కొత్తకొండ వీరభద్రస్వామి జాతరకు పోయే దుకాణాలవాళ్ల సామాను, ఇలా సంవత్సరం పొడుగునా ఏదో ఒక కిరాయి ఉంటుంది. బండి అంటే వాడికి ప్రాణం. అద్దానికి నిమ్మకాయలు, వెనుక తలుపుమీద తల్లి పేరు, తండ్రి పేరు. మా అక్క పేరులో ఒత్తు తప్పు రాయించాడని నేను రెండుసార్లు చెప్పాను. "పోనీ మామా, అమ్మకు చదువు రాదు గదా" అన్నాడు. దానికి నా దగ్గర జవాబు లేకపోయింది.

వీడితో కలిసి బళ్లో చదువుకున్న కుర్రవాడొకడు చికాగోలో ఉద్యోగం చేస్తున్నాడు. అతడు పోయిన చలికాలంలో ఫోనుకు ఒక చిన్న సినిమా పంపించాడు. ఇంటి ముందు పికప్ ట్రక్కు, దానిమీద జానెడు మంచు. అతడు వంటింటి కిటికీలోనుంచి ఒక బొత్తాము నొక్కాడు. బండి దీపాలు రెండుసార్లు మెరిశాయి, ఇంజను మ్రోగింది. అతడు తీరిగ్గా కాఫీ తాగి, కోటు తొడుక్కుని బయటికి వచ్చేసరికి అద్దంమీది మంచు కరిగి జారుతున్నది.

"చూసినవా మామా! మనమేమో పొద్దుగాల లేచి పొయ్యి స్టీరింగు కాడ వణుక్కుంట కూసుంటున్నం. ఆడు ఇంట్ల కూసోని చాలు చేస్తుండు" అన్నాడు మావాడు.

ఆ ఊరి చలిసంగతి వీడికేం తెలుసు! 2019 జనవరి 30న చికాగోలో సున్నాకు 30 డిగ్రీల దిగువకు పడిపోయింది. అటువంటి చోట ఇంజనులో నూనె చిక్కబడుతుంది, బ్యాటరీ నీరసిస్తుంది, అద్దంమీద మంచు పలకలా గడ్డకడుతుంది. చేతికి తొడుగు లేకుండా ఇనుము పట్టుకుంటే చర్మం అంటుకుపోతుంది. పది నిమిషాలు ముందుగా ఇంజను తిరిగితే బండిలో కూచోగలుగుతారు, అద్దంలోనుంచి దారి కనబడుతుంది. అక్కడివాళ్లకు అది షోకు కాదు, అవసరం. టెక్సాసులో ఉన్న మనవాళ్లు అదే బొత్తామును ఎండాకాలంలో వాడుతారు. బయట నిలిపిన బండి పొయ్యిలా కాలుతుంటే, ఎక్కకముందే లోపల చల్లబరచుకోవడానికి.

మొదట్లో ఈ పరికరాన్ని అంగట్లో విడిగా కొని బిగించుకునేవారు. 2004లో జనరల్ మోటార్సువారు తమ షెవ్రొలే మాలిబు కారుకు ఫ్యాక్టరీలోనే అమర్చి అమ్మడం మొదలుపెట్టారు. తరువాత పికప్ ట్రక్కులకూ వచ్చింది. మన దేశంలోనూ 2019 ప్రాంతంనుంచి కొన్ని కార్లకు, ఫోనులోనుంచి ఇంజను స్టార్టు చేసే సౌకర్యం కంపెనీలే ఇస్తున్నాయి.

ఇంతకీ ఆ బొత్తాము నొక్కితే లోపల ఏం జరుగుతుందో కొంచెం చెప్పుకోవాలి. బొత్తాము ఒక రేడియో తరంగాన్ని పంపుతుంది. బండిలో దాన్ని అందుకునే పెట్టె ఒకటుంటుంది. అది వెంటనే ఇంజనును తిప్పదు. ముందు తనిఖీ చేసుకుంటుంది. తలుపులు తాళం వేసి ఉన్నాయా? ముందరి మూత మూసి ఉన్నదా? ఎవరైనా బ్రేకు తొక్కి ఉన్నారా? అన్నిటికన్నా ముఖ్యం, గేరు ఎక్కడ ఉన్నది? అమెరికా బండ్లలో అధిక భాగం ఆటోమేటిక్ గేరువి. వాటిలో 'పార్క్' అనే స్థానం ఒకటుంటుంది. అందులో ఉంటే ఇంజను తిరిగినా చక్రం కదలదు. ఆ స్థానంలో ఉంటేనే పెట్టె ఒప్పుకుంటుంది, లేకుంటే మొరాయిస్తుంది. పది పదిహేను నిమిషాల్లో ఎవరూ వచ్చి బండి ఎక్కకపోతే ఇంజనును తానే ఆపేస్తుంది. తాళంచెవి లేకుండా ఎవడైనా చొరబడి నడపబోతే అప్పుడూ ఆపేస్తుంది.

మరి మా ట్రాలీల సంగతి? మావి చేత్తో మార్చే గేర్లు. మావాళ్లకు ఒక అలవాటున్నది, మీ ఊళ్లోనూ ఉండే ఉంటుంది. ఎత్తుపల్లాల్లో బండి నిలిపితే హ్యాండుబ్రేకును నమ్మరు. గేరులో వేసి, చక్రం క్రింద ఒక రాయి పెడతారు. ఆ అలవాటు చెడ్డదేమీ కాదు. గేరులో ఉన్న బండి ఊరికే జారిపోదు. కాని గేరులో ఉన్న బండిని, క్లచ్చి తొక్కకుండా స్టార్టు చేశారా, స్టార్టరు మోటరు త్రిప్పే త్రిప్పుకు ఇంజనుతోపాటు చక్రాలూ తిరుగుతాయి. బండి ముందుకు దూకుతుంది.

మా మేనల్లుడు నగరానికి కిరాయికి పోయినప్పుడు ఎవరిచేతనో తన బండికి ఆ పెట్టె పెట్టించుకొచ్చాడు. క్లచ్చి తొక్కితేనే స్టార్టయ్యే ఏర్పాటు ఒకటి వాడి బండిలో ఉండేది. అది అడ్డం వస్తున్నదని బిగించినవాడు రెండు తీగలు కలిపేసి దాన్ని పని చెయ్యకుండా చేశాడు. గేరును గురించి అతడూ చెప్పలేదు, వీడూ అడగలేదు.

మరునాడు ఆదివారం. నేను పొద్దున్నే మా అక్కను చూడబోయాను. వాళ్ల ఇల్లు కొంచెం ఎత్తుమీద ఉంటుంది. రోడ్డుమీదినుంచి వాకిట్లోకి ఎదురెక్కు. ట్రాలీ ముఖం ఇంటివైపు పెట్టి నిలిచి ఉన్నది, మొదటి గేరులో, వెనుక చక్రానికి రాయి ఆనించి. పెరట్లో ఎండ రాదు గనుక మావాడి బాపమ్మ, అంటే మా బావగారి తల్లి, రోజూ ఆ బండి ముందరే పీట వేసుకుని కూచుంటుంది. ఎనభై దాటిన మనిషి, చెవులు సరిగ్గా వినబడవు. ఆ పూట కందులు ఏరుతున్నది.

మేమిద్దరం లోపల కూచుని చాయ తాగుతున్నాం. వాడు జేబులోనుంచి ఆ బొత్తాము తీసి, "చూడు మామా" అన్నాడు. నేను చూస్తున్నాను, బండిని కాదు, బొత్తామును. వాడూ అంతే. నొక్కాడు.

బయట గుర్రుమన్న చప్పుడు, ఆ వెంటనే ఏదో విరిగిన చప్పుడు వినబడ్డాయి. అక్క కేక వేసింది. మేము బయటికి వచ్చేసరికి బండి రెండు మూరలు ముందుకు దూకి, ఎదురెక్కు గనుక అక్కడితో ఊపిరి తెగి ఆగిపోయింది. ముందు చక్రం క్రింద పీట రెండు ముక్కలై ఉన్నది. కందులు వాకిలంతా చెల్లాచెదరు.

పీటమీద మనిషి లేదు. చాట చిల్లి పడిందని మరో చాట కోసం అప్పుడే లేచి కొట్టంలోకి పోయిందట. ఆమె చాట పట్టుకుని మెల్లగా బయటికి వచ్చి, పీటవంక, బండివంక చూసి, "ఎవడురా నా పీట ఇరగ్గొట్టింది?" అన్నది.

మావాడు అరుగుమీద కూలబడ్డాడు. చేతులు వణుకుతున్నాయి. ఆ బొత్తాము ఇంకా చేతిలోనే ఉన్నది. అక్క తిట్టడానికి నోరు తెరిచి తిట్టలేక ఏడ్చింది. నేనో? వాడికంటె ఇరవై ఏళ్లు పెద్దవాణ్ణి, నలుగురు పిల్లలకు చదువు చెప్పేవాణ్ణి. "బయట ఎవరున్నారురా?" అని ఒక్క మాట అడగవచ్చును గదా! అడగలేదు. ఆ మాట నాకు ఇప్పటికీ రాత్రిళ్లు గుర్తుకు వస్తుంటుంది.

కాసేపటికి సంగతి అర్థమయింది ఆమెకు. కోప్పడలేదు. మనవడి ప్రక్కన కూచుని, "మీ తాత ఇంజను తిప్పెటప్పుడు ఎంత గట్టిగ ఒర్రెటోడు! బాయి కాడ ఒర్రితె ఇంటికి ఇనొచ్చేది. గట్ల ఒర్రాలె బిడ్డా" అన్నది.

ఆ మాట వినగానే నా కళ్లముందు మా బావి మెదిలింది. నా చిన్నతనంలో మా బాపుకు ఒక ఆయిలింజను ఉండేది. బావి గట్టుమీద దాన్ని చాలు చెయ్యడం ఒక ఉత్సవం. మొదట పైనున్న చిన్న మీట ఎత్తాలి. ఎత్తితే లోపలి గాలికి బిగువు తగ్గి చక్రం తేలిగ్గా తిరుగుతుంది. హ్యాండిలు బిగించి, గిరగిరా త్రిప్పి, చక్రం వేగం అందుకోగానే మీట దించాలి. డుబ్ డుబ్‌మని ఇంజను అందుకుంటుంది. ఒక్కొక్కసారి అందుకోకుండా వెనక్కి తన్నుతుంది. ఆ తన్నుకు మణికట్టు విరిగినవాళ్లు ప్రతి ఊళ్లోనూ ఉండేవారు. అందుకే హ్యాండిలు పట్టుకునేటప్పుడు బొటనవేలు కూడా మిగతా వేళ్లవైపే ఉంచాలని బాపు చెప్పేవాడు. వెనక్కి తన్నితే చెయ్యి జారి బయటపడుతుందని.

త్రిప్పబోయే ముందు బాపు ఒక్కసారి చుట్టూ కలయజూసి, "జరుగుండ్రీ!" అని కేక వేసేవాడు. పిల్లలం, కోళ్లం, కుక్కలం అందరం దూరం జరిగేవాళ్లం. అప్పుడు గాని హ్యాండిలు ముట్టేవాడు కాదు. ఆ కేకను ఎవరూ పుస్తకంలో రాయలేదు, ఏ కంపెనీవాడూ నేర్పలేదు. ఇంజను ఎదుట నిలబడి దాని బలం చేతికి తగిలినవాడికి ఆ కేక తనంతట తానే వచ్చేది.

మోటారు బండ్లకూ మొదట్లో ఈ హ్యాండిలే గతి. అమెరికాలో ఎందరో చేతులు విరగ్గొట్టుకున్నారు. ఛార్లెస్ కెటరింగ్ అనే ఇంజనీరు అంతకుముందు దుకాణాల్లో డబ్బు లెక్కించే యంత్రాలకు చిన్న విద్యుత్తు మోటరు అమర్చినవాడు. డబ్బుల అర తెరుచుకోవడానికి క్షణకాలం బలం చాలు గదా! అదే సూత్రం ఇంజనుకూ పనికి వస్తుందని కనిపెట్టి సెల్ఫ్ స్టార్టరు చేశాడు. అది 1912నాటి కాడిలాక్ కార్లలో వచ్చింది. మనిషి బండి ముందునుంచి లేచి లోపలికి వెళ్లి కూచున్నాడు. చెయ్యి బతికింది. అయినా అద్దంలోనుంచి ముందున్నది కనబడుతూనే ఉన్నది. రిమోటు వచ్చిన తరువాత మనిషి బండిలోనుంచీ దిగిపోయి ఇంట్లోకి వచ్చాడు. చెయ్యికి పని మిగిలింది గాని కంటికి మిగలలేదు.

ఇంత మాత్రం చేత దూరంనుంచి చాలు చెయ్యడమే పాపమని నేననను. మా రైతులనే చూడండి. రాత్రిపూట కరెంటు వచ్చే రోజుల్లో నడిజామున లేచి, టార్చిలైటు పట్టుకుని, బురదలో నడిచిపోయి మోటరు వేసేవారు. తేలో పామో కుట్టినవాళ్లు, తడిచేత్తో స్టార్టరు ముట్టి ప్రాణాలు పోగొట్టుకున్నవాళ్లు మా చుట్టుప్రక్కల ఊళ్లలో ఎందరో. తరువాత స్టార్టరు డబ్బాలో సిమ్ము కార్డు పెట్టి, ఇంటినుంచి ఫోను చేస్తే మోటరు తిరిగే పరికరాలు వచ్చాయి. వాటివల్ల ఎన్ని ఇళ్లలో ఆడవాళ్లు రాత్రి నిశ్చింతగా నిద్రపోయారో లెక్కలేదు.

దానికీ రెండో ముఖం ఉన్నది. కరెంటు రాగానే తనంతట తానే మోటరును చాలు చేసే ఆటోస్టార్టర్లు ఇంటింటా పెట్టారు. 2018 జనవరి 1నుంచి తెలంగాణలో వ్యవసాయానికి 24 గంటల కరెంటు ఇచ్చినప్పుడు, ఆ ఆటోస్టార్టర్లను తీసెయ్యండని ప్రభుత్వమే రైతులను బతిమాలింది. మనిషి చూడకుండా మోటరు రాత్రింబవళ్లు తిరిగితే భూమిలోని నీళ్లు వృథాగా పోతాయని. నీళ్ల మాట అట్లా ఉంచి, మోటరు దగ్గర ఎవరైనా చెయ్యి పెట్టి ఉన్న సమయంలో అది తిరిగితే?

అందుకే మా ఊళ్లలో తెలివైన రైతు ఒక పని చేస్తాడు. మోటరు బాగుచెయ్యడానికి దిగే ముందు ఫీజు పీకి తన జేబులో వేసుకుంటాడు. ప్రక్కవాడి చేతికి ఇవ్వడు, గట్టుమీద పెట్టడు. కరెంటు స్తంభమెక్కే లైన్‌మెన్లు కూడా ముందు సబ్‌స్టేషనునుంచి 'ఎల్‌సీ' తీసుకుంటారు. ఫలానా లైను ఆపామని వాళ్లు చెబితే ఎక్కాలి, క్రిందికి దిగి తానే తిరిగి చెబితే వాళ్లు కరెంటు వదలాలి. ఈ రెండింటిలోనూ ఒకటే నియమం. యంత్రం దగ్గర ఉన్న మనిషి ఒప్పుకుంటే గాని, దూరాన ఉన్న చెయ్యి దాన్ని కదిలించకూడదు.

మన చట్టం కూడా ఇంచుమించు ఇదే చెబుతున్నది. 1988నాటి మోటారు వాహనాల చట్టంలో 126వ సెక్షను ఉన్నది. బహిరంగ స్థలంలో బండి నిలిపినప్పుడు, లైసెన్సున్న మనిషి డ్రైవరు సీటులో ఉండాలి. లేదా ఇంజను ఆపి, బ్రేకు వేసి, బండి తనంతట తాను కదలకుండా జాగ్రత్త తీసుకోవాలి. బొత్తాముతో స్టార్టు చేసే బండ్లు మన దేశంలో లేని రోజుల్లో రాసిన మాట అది.

మీ ఇంట్లోకీ ఇటువంటి బండి రావచ్చు, వచ్చే ఉండవచ్చు. అందుకని తెలిసిన నాలుగు జాగ్రత్తలు చెప్పి ముగిస్తాను.

చేత్తో గేరు మార్చే బండికి బయట దొరికే పరికరం పెట్టించకపోవడమే మేలు. పెట్టించక తప్పదనుకుంటే, డ్రైవరు ప్రతిసారీ ఇంజను తిరుగుతుండగానే గేరు న్యూట్రలులో వేసి, హ్యాండుబ్రేకు లాగి, దిగి తలుపు మూస్తేనే సిద్ధమయ్యే రకం ఉంటుంది. మధ్యలో ఎవరు తలుపు తెరిచినా అది రద్దయిపోతుంది. గేరులో వేసిన బండిని అది స్టార్టు చెయ్యదు. బిగించేవాడు క్లచ్చి స్విచ్చు తీగలు కలిపేస్తానంటే ఆ పూటకు ఇంటికి వచ్చెయ్యండి. హ్యాండుబ్రేకు వదులుగా ఉంటే దాన్ని ముందు బాగుచేయించండి.

రేకుల షెడ్డులో, మూసిన గదిలో, పడకగది కిటికీ ప్రక్కన దూరంనుంచి ఇంజను స్టార్టు చెయ్యకండి. ఇంజను పొగలో కార్బన్ మొనాక్సైడ్ అనే వాయువుంటుంది. డీజిలు బండిలో తక్కువ, పెట్రోలు బండిలో ఎక్కువ, రెంటిలోనూ ఉంటుంది. దానికి వాసన లేదు, రంగు లేదు. నెత్తురులో ప్రాణవాయువు కూచోవలసిన చోట, దానికంటె రెండువందల రెట్లు గట్టిగా తాను అంటుకుని కూచుంటుంది. మనిషికి తలనొప్పి, నిద్రమత్తు, అంతే. అమెరికాలో తాళంచెవి త్రిప్పనక్కరలేని కార్లు వచ్చిన తరువాత, ఇంటికి ఆనుకొని ఉన్న గ్యారేజీలో ఇంజను ఆపడం మరచిపోయి లోపలికి పోయినవాళ్లు నిద్రలోనే చనిపోయిన కేసులు ఇరవైకి పైగా ఉన్నాయని 2018లో పత్రికలు బయటపెట్టాయి.

బొత్తామును పిల్లల చేతికి ఇవ్వకండి. బండిని మెకానిక్కు దగ్గర వదిలేటప్పుడు, రిమోటు ఉన్నదని అతనికి చెప్పి, మీ దగ్గరున్న బొత్తాము కూడా అతనికే ఇచ్చి రండి. అతని చెయ్యి ఫ్యాను బెల్టు దగ్గర ఉన్న సమయంలో మీ ఇంట్లో మనవడు బొత్తాము నొక్కకూడదు గదా!

చివరిది డబ్బు మాట. నిలబడి తిరిగే చిన్న డీజిలు ఇంజను గంటకు అర లీటరుకు పైగా తాగుతుంది. మా హుస్నాబాదు చలికి ఇంజను అంతసేపు వేడెక్కనక్కరలేదు. అర నిమిషం ఆగి, మొదటి మైలు నెమ్మదిగా నడిపితే దారిలోనే వేడెక్కుతుంది. ఎండాకాలం ఏసీ ఉన్న కారులో ముసలివాళ్లనో జబ్బుమనిషినో తీసుకుపోవలసి వస్తే, కంపెనీవారే అమర్చిన రిమోటు మంచి ఉపకారమే చేస్తుంది. ఆ పని కూడా బండి కనబడేచోట నిలబడి చెయ్యండి.

మావాడు ఆ మరునాడే నగరానికి పోయి పెట్టె తీయించి, తెగగొట్టిన తీగలు మళ్లీ సరిగ్గా కలిపించుకొచ్చాడు. ఆ పెట్టె మా అక్కవాళ్ల ఇంట్లో గూట్లో ఉన్నది. దానికి పెట్టిన డబ్బు పోయిందని వాడు ఒక్కసారి కూడా అనలేదు. వడ్లాయన దగ్గర బాపమ్మకు కొత్త పీట చేయించాడు, టేకుది.

మొన్న మళ్లీ వెళ్లాను. ఆమె ఎండకోసం ఆ బండి ముందే పీట వేసుకుని కూచున్నది. ఎవరు చెప్పినా వినదు. మావాడు ఇంట్లోనుంచి వచ్చి, బండి చుట్టూ ఒకసారి తిరిగాడు. వంగి క్రిందికి చూశాడు. తరువాత తలుపు తెరిచి, మెట్టుమీద నిలబడి, వీధి చివరిదాకా వినబడేటట్టు, "జరుగుండ్రీ!" అని కేక పెట్టాడు.

చెవులు వినబడని బాపమ్మ ఒక చేత్తో చాట, ఒక చేత్తో పీట పట్టుకుని లేచి, అరుగుమీదికి వచ్చి కూచున్నది. అప్పుడు చాలు చేశాడు.